చించివేయమన్న జాబు

చిరంజీవి మదన్‌మోహనునకు, నీ మేనమామ గురులింగప్ప ఆశీస్సులతో వ్రాయునది.

పై కుడి మూలన తేదీ, ఊరి పేరు లేకపోవటం ముందుగా నీ కంట పడి ఉంటుంది. లేఖలో ఆ రెండూ విడిచిన విద్యార్థికి ముప్పది రెండేండ్లపాటు రెండేసి మార్కులు తగ్గించినవాణ్ణి నేనే. తేదీ వేస్తే, ఈ మాటలు చెప్పటానికి నాకెన్నేండ్లు పట్టిందో అక్కడే లెక్కగడతావు. ఊరి పేరు వేస్తే నీ చెయ్యి మొదటి మడతలోనే ఆగిపోతుంది. కవరు మీది ముద్ర నిన్ను మోసపోనివ్వదని తెలుసు. అయినా విడిచాను. ఆ రెండు మార్కులు తగ్గించుకో.

నీ జాబులన్నీ నా వద్ద ఉన్నాయి. నేను వ్రాసిన వాటికి నకళ్ళు ఉంచుకొనే అలవాటు నీకు తెలుసు. వాటిలో కొన్నింటిని వరుసగా పేర్చి దీనితో పంపుతున్నాను. అందులో ఒకటి నీకు వ్రాసినది కాదు. దాన్ని నీవు చెవితో కొంత విన్నావు గాని, కంటితో చూడలేదు. వరుస తప్పకుండా చదువు. మిగిలినది చివరి కాగితంలో వ్రాశాను.

*

బొంబాయి,
12 జూన్ 1978

పూజ్యులు మామగారికి,

నమస్కారాలు. అచ్చాపీసులో పని ఎక్కువై జాబు ఆలస్యమైంది. ఇక్కడ వానలు మొదలయ్యాయి. మా ఒంటిగది ఖోలీ గోడకు చెమ్మ ఎక్కి, అమ్మ ఇచ్చిన జొన్నపిండి ఉండకట్టింది. ఆ మాట ఆమెకు చదివి వినిపించకండి.

‘మంజీర పుట్టివాడు’ నాటకానికి చివరి పాట కుదిరింది. ఎప్పటిలాగే మీ ఎర్ర సిరా కోసం ఎడమవైపు అంచు విడిచి రాశాను.

*అందర్ని దాటించేటోడా, నిన్ను దాటించేదెవరు?*
*ఆ గట్టున నిలిచినోడా, నీ పేరు పిలిచేదెవరు?*
*నడినీట నా పుట్టి తిరిగె, నీ దిక్కె తిరిగె.*

పుట్టివాడి వేషం రామ్‌కిషన్ వేస్తున్నాడు. వాళ్ళ తాతది రాయికోడ్ పక్క పల్లె. ఇతడు మాత్రం ఇక్కడే పుట్టాడు. పగలు బట్టల మిల్లులో సాంచాల మీద నేతపని, సాయంత్రం మా తెలుగు సమాజంలో రిహార్సలు. నేనొకసారి చదివితే చాలు, రెండోసారి పాడేస్తాడు. ఒక్క అక్షరం జారదు. పోయిన నెల నుంచి మేమిద్దరం ఒకే ఖోలీలో ఉంటున్నాం. బాడుగ కలిసి వస్తుంది.

పాట ఎట్లా ఉందో రాయండి. తిట్టినా సరే.

మీ
మదన్

*

జహీరాబాదు,
25 జూన్ 1978

చిరంజీవి మదన్‌మోహనునకు ఆశీస్సులు.

పాట అందినది. వ్యాకరణం విషయంలో పల్లెపదానికి మినహాయింపు ఇచ్చాను గాని, మూడవ చరణంలో యతి పేరిట చేసిన అఘాయిత్యానికి ఇవ్వలేదు. ఎర్ర సిరా చూచుకో. ఇంట కన్నడం, బడిలో ఉర్దూ, బజారులో మూడూ కలిసిన మాట. వీటి నడుమ నేను తెలుగును ఒక్కొక్క పుస్తకం అడిగి తెచ్చుకొని నేర్చుకొన్నాను. అందుచేత నీ తప్పు నాకు నీకంటె ఎక్కువ నొప్పి కలిగిస్తుంది.

భావం మాత్రం ఉన్నతం. పుట్టివాడు జీవాత్మ, ఆవలి గట్టున నిలిచినవాడు పరమాత్మ. ఇంత చిన్న వయస్సులో ఈ పరిపక్వత ఎట్లా వచ్చిందా అని ఆశ్చర్యపోయాను. నీ తల్లి నాగమ్మకు చదివి వినిపించాను. “గా నిల్సున్నోడెవ్వడన్నా?” అని అడిగింది. భగవంతుడని చెప్పాను. “భగవంతుడైతె మన తొవ్వ గంత గనం ఎదురుజూస్తడా?” అని నవ్వి, రొట్టెలకు పిండి తడుపుకొన్నది. చదువు లేనివారికి వేదాంతం చెప్పటం కష్టం.

న్యాల్‌కల్ వారి సంబంధం గురించి వరుసగా మూడు జాబులలో అడిగాను. మూడింటికీ నీవు పాటల గురించే జవాబిచ్చావు.

ఇట్లు,
గురులింగప్ప

*

జహీరాబాదు,
4 ఫిబ్రవరి 1979

చిరంజీవి మదన్‌మోహనునకు ఆశీస్సులు.

మీ బృందం ఇక్కడ నాటకమాడి వెళ్ళి మూడు దినాలైనా మార్కెట్ యార్డులో ఆ పుట్టివాని పాట గొణిగే హమాలీలు ఆగలేదు. ఆనాడు చిరాగ్‌పల్లి నుండి బండ్లు కట్టుకొని వచ్చినవారు కూడ ఉన్నారు. “మాస్టర్ సాబ్, మీ మేనల్లుడేనా రాసింది?” అని అడిగిన ప్రతివానికీ అవునన్నాను. దిద్దినది నేనని కొందరికి మాత్రమే చెప్పాను.

రామ్‌కిషన్ మన ఇంట ఉన్న మూడు దినాలు నాకు పండితగోష్ఠి వలె గడిచాయి. ళకారానికీ లకారానికీ భేదం పాటించే నటుణ్ణి చూచి ఎన్నాళ్ళయింది! ఇంతటి శుద్ధి గ్రంథం చేతబట్టి ఏండ్ల తరబడి శ్రమించినవానికే సాధ్యం. అంతటివాడై ఉండి వినయం చూడు. ఉదయం పత్రిక చేతికిచ్చి సంపాదకీయం చదవమన్నాను. కొంతసేపు అటూ ఇటూ త్రిప్పి, “మీ నోట ఇనాల్నని ఉంది మాస్టర్ సాబ్, మీరే చదువున్రి” అన్నాడు. మూడు దినాలూ నాచేతనే చదివించాడు. నా శిష్యులలో ఒక్కడూ నన్ను ఇంత గౌరవించలేదు.

మీ అమ్మ దగ్గర పొయ్యి ముందు కూర్చుండి రొట్టె తట్టటం నేర్చుకొన్నాడు. ఆమె అతణ్ణి “బిడ్డా” అనే పిలిచింది. నేను దగ్గర నిలబడి రొట్టె అనే మాట ఎక్కడ పుట్టిందో వివరిస్తుంటే, “మా అన్న పాఠం జెప్తె పెనం మీదిది మాడుతది, నువ్వు దిప్పు బిడ్డా” అన్నది. ఇద్దరూ నవ్వారు. నేను లోపలికి వచ్చేశాను.

అతని ఉచ్చారణపై నా అభిప్రాయాన్ని వివరంగా వ్రాసి పంపుతానని మాట ఇచ్చాను. “పటం కట్టించుకుంట మాస్టర్ సాబ్” అన్నాడు. అడిగితే, వ్రాస్తున్నానని చెప్పు.

ఇట్లు,
గురులింగప్ప

*

బొంబాయి,
9 ఆగస్టు 1981

పూజ్యులు మామగారికి,

నమస్కారాలు. ఈసారి పంపుతున్నది పాట కాదు, కథ. పేరు ‘పన్నెండో నంబరు ఖోలీ’. నాటకాలు రాస్తూనే ఈ మూడేళ్ళలో ఇట్లాంటివి పదకొండు రాశాను. నాలుగు ఇక్కడి చిన్న పత్రికలో మారుపేరుతో వచ్చాయి. ఇప్పుడు అన్నీ కలిపి పుస్తకం వేయాలనుకుంటున్నాను. దాని మీద నా పేరే ఉండాలని నా కోరిక. మీ ఎర్ర సిరా పడకుండా నా పేరు వేసుకునే ధైర్యం నాకు ఏనాడూ లేదు.

ఆ కథలో ఇద్దరు మగవాళ్ళు ఒక గదిలో ఉంటారు. అన్నదమ్ములు కారు. స్నేహితులంటే తక్కువవుతుంది. ఒకడికి జ్వరం వస్తే రెండోవాడు సాంచా వదిలేసి వస్తాడు. అంతకు మించి కథ లేదు. అట్లాంటి ఇద్దరిని ఏమనాలో నాకు తెలియక, కథంతా ఆ మాట లేకుండానే నడిపాను. తలదించుకోకుండా పలకగలిగే మాట మన భాషలో ఉందా? ఉంటే అది మీకే తెలియాలి.

నాటకాల్లో నేను ఎవరి గొంతులోనో మాట్లాడతాను. ఇందులో నా గొంతే ఉంది.

రామ్‌కిషన్ మిమ్మల్ని అడిగినట్లు చెప్పమన్నాడు. మీరు రాస్తానన్నది ఇంకా రాలేదని మాత్రం చెప్పొద్దన్నాడు.

మీ
మదన్

*

జహీరాబాదు,
21 ఆగస్టు 1981

శ్రీ రామ్‌కిషన్ గారికి, నమస్కారములు.

మీరు విజ్ఞులు. గోప్యంగా చెప్పినదాన్ని గోప్యంగా గ్రహించగలవారు. కనుకనే మదన్‌మోహనునకు గాక మీకు వ్రాస్తున్నాను.

అతడు పంపిన కథను దిద్ది ఈ దినమే తిప్పి పంపాను. దాని గురించి అతనికి ఒక్క మాట వ్రాయలేదు. వ్రాయటానికి నా కలం సిగ్గుపడింది. అందులో ఇద్దరు పురుషులు ఆలుమగల వలె కాపురముంటున్నారు. ఒకడు మా మదన్‌మోహన్ అని ప్రతి వాక్యమూ చెబుతున్నది. రెండవవాడెవరో, మా ఇంటి రొట్టె తిన్న మీకు నేను చెప్పనక్కరలేదు.

మా కుటుంబానికి ఈ ప్రాంతంలో ఒక పేరున్నది. న్యాల్‌కల్ వారితో వివాహం మాట నడుస్తున్నది. మీరు ఆ గది విడిచి వేరొక చోటికి వెళ్ళండి. అది మీ అంతట మీరు చేసిన నిర్ణయంగానే అతనికి కనబడాలి. నా పేరు ఎక్కడా రాకూడదు. మీ వంటివారి నీడ పడకుంటే అతడు మంచి రచయిత కాగలడు.

ఈ లేఖను ఏకాంతంలో, పెదవి కదపకుండా చదువుకొని చించివేయండి.

ఇట్లు,
గురులింగప్ప

*

బొంబాయి,
26 ఆగస్టు 1981

మామగారికి అనేక నమస్కారాలు.

కథ చేరింది. నలభై ఏడు ఎర్ర గుర్తులు లెక్కపెట్టాను. ఒక్క నింద లేదు. జ్వరం ఘట్టంలో ఒక వాక్యాన్ని మీరు ఎంత అందంగా సరిచేశారో చూసి కాగితం కళ్ళకు అద్దుకున్నాను. పదేపదే చదివాను. మీరు కోపగించలేదు. నా పేరుతోనే పుస్తకం వేస్తాను మామా! మిమ్మల్ని ఇన్నాళ్ళూ తక్కువ అంచనా వేసినందుకు క్షమించండి.

ఇంకో సంతోషం. రామ్‌కిషన్‌కు కూడా మీ కవరు వచ్చింది. మీ దస్తూరీ చూసి గుర్తుపట్టాడు. రెండేళ్ళకైనా మాస్టర్ సాబ్ మాట నిలబెట్టుకున్నారని ఎగిరి గంతేశాడు. అతడికి మరాఠీ అక్షరాలే వచ్చు, తెలుగు చదవలేడు. నేను చదివి వినిపిస్తానంటే ఇవ్వనన్నాడు. ఆదివారం సాయంత్రం రిహార్సల్లో అందరి ముందూ చదివించుకుంటాడట. కవరు విప్పకుండా చొక్కా జేబులో పెట్టుకుని మిల్లుకు పోతున్నాడు.

అమ్మకు ఈ జాబు మొత్తం చదివి వినిపించండి.

మీ
మదన్

*

బొంబాయి,
2 సెప్టెంబరు 1981

గురులింగప్పగారికి,

ఆదివారం రామ్‌కిషన్ ఇస్త్రీ చొక్కా వేసుకుని వచ్చాడు. “మాస్టర్ సాబ్ నా పాట మీద రాసిన్రు, అందరు ఇనున్రి” అని మా సమాజం కార్యదర్శి నాగప్ప చేతికి కవరిచ్చాడు. నేను లోపల వేషాల పెట్టె సర్దుతున్నాను.

మొదటి నాలుగు వాక్యాలు చదివి నాగప్ప ఆగాడట. “ఏమన్నా, అచ్చరాలు కష్టమున్నయా? మాస్టర్ సాబ్ భాష గట్లనే ఉంటది, చదువు” అని రామ్‌కిషనే అన్నాడట. నాగప్ప చదివాడు. నేను బయటికి వచ్చేసరికి ‘చించివేయండి’ అన్న దగ్గర ఉన్నాడు. ఎవరూ మమ్మల్ని కొట్టలేదు. హార్మోనియం దగ్గర ఎవరో నవ్వారు, అంతే. మర్నాడు నా కొత్త నాటకం రాతప్రతి మా గుమ్మం ముందు పడి ఉంది. ఖోలీ ఈ వారంలో ఖాళీ చేయాలి.

ఇంటికి నడిచి వస్తుంటే అతడు అడిగింది ఒక్కటే. “చివర్ల పాట గురించి ఏమన్న రాసిన్రా మదన్?” లేదన్నాను.

మేమిద్దరం కలిసే షోలాపూర్ వెళ్తున్నాం. మీకు ఇక రాయను. అమ్మకు కార్డులు రాస్తాను. వాటిని చదవటానికి మీరు తప్ప ఆమెకు ఎవరూ లేరు. ఉన్నది ఉన్నట్లు చదవండి.

మదన్‌మోహన్

*

షోలాపూర్,
18 మార్చి 1984

అమ్మా,

నేను క్షేమం. ఇక్కడ అచ్చాపీసులో పని దొరికింది. రామ్‌కిషన్ చద్దర్ల కార్ఖానాలో ఉన్నాడు, నిన్ను తలుచుకుంటాడు. రొట్టె నాకంటే బాగా తడతాడు. పాడటం మాత్రం మానేశాడు, ఎంత అడిగినా పాడడు. నా కథల పుస్తకం అచ్చయింది. నా పేరుతోనే, ఎర్ర సిరా లేకుండా. ఆరోగ్యం చూసుకో.

మదన్

*

మదన్‌మోహన్, ఇక నేను వ్రాయవలసినది ఇది.

నీకు తెలియనిది ముందు చెబుతాను. ఆగస్టు ఇరవై ఆరున నీవు వ్రాసిన జాబు నాకు ఇరవై తొమ్మిదిన, శనివారం పగలు పదకొండు గంటలకు చేరింది. ఆదివారం సాయంత్రానికి ఇంకా ఒక దినానికి పైగా ఉన్నది. రామ్‌కిషన్‌కు తెలుగు చదవరాదన్న వాక్యాన్ని చదివి, చెప్పులు కూడ సరిగా తొడుక్కోకుండా తంతి ఆఫీసుకు వెళ్ళాను. ‘కవరు విప్పవద్దు’ అంటే చాలు. ఫారం తీసుకొన్నాను, వ్రాశాను. కిటికీ అవతల కూర్చున్న గుమాస్తా నా పూర్వ విద్యార్థి. లేచి నమస్కరించాడు. “ఏం సంగతి సార్, అంత అర్జెంటు?” అని చెయ్యి చాచాడు. అతడు ఆ మాటలు చదువుతాడు. ఏ కవరు, ఎందుకు విప్పవద్దు అని అడుగుతాడు. జవాబు నా ముఖంలో చూస్తాడు. నేను ఫారం మడిచి, “ఏమీ లేదు నాయనా, రేపు వస్తాను” అని తిరిగివచ్చాను. ఆ ఫారం ఈ జాబుతో జతపరిచాను. దానిలో అక్షరదోషాలు లేవు.

కనుక తెలియక జరిగిన పొరపాటు, రామ్‌కిషన్‌కు ఆ జాబు వ్రాసి పంపిన శుక్రవారానిది మాత్రమే. శనివారానిది పొరపాటు కాదు.

తరువాత కూడ నేను మారలేదు. నీ కార్డులు మీ అమ్మకు చదివేటప్పుడు నాకు నచ్చని వాక్యాలు దాటవేశాను. రామ్‌కిషన్ పేరు వచ్చిన ప్రతి చోటా దాటవేశాను. పాడటం మానేశాడన్న కార్డు నాడు ఆమె నా చేతిలోనుండి దాన్ని తీసుకొని తిప్పి చూచింది. “కార్డు నిండ అచ్చరాలున్నయి. నువ్వేమొ రెండు ముక్కల్ల ఒడగొట్టినవ్. మిగిలింది ఎవ్వనికి దాసినవన్నా?” అన్నది. మొత్తం చదివాను. “మా పిలగాడు పాట ఎందుకిడిసిండు? ఏం జేసినవ్?” అన్నది. అప్పుడు నకళ్ళ పుస్తకం తెచ్చి, రామ్‌కిషన్‌కు వ్రాసిన జాబును ఆమె ముందు చదివాను. నా వాక్యాలు బయటికి ఎట్లా వినబడతాయో అది మొదటిసారి తెలిసింది. ‘మీ వంటివారి నీడ’ అన్న చోట నా గొంతు ఆగింది. నాగప్ప ఆగిన చోటు దానికి ముందే. అతడు నాకంటె మంచివాడు.

నీ తల్లి నకళ్ళ పుస్తకం నా చేతిలోనుండి తీసుకొని మూసిపెట్టింది. తరువాత అన్నది, “ఆ పిలగానికి సదువురాదని నాకు మొదటి దినమే ఎర్కైంది. పేపర్ నేను వట్టుకున్నట్లె వట్టుకున్నడు, బొమ్మలే జూసిండు. నువ్వు పంతులువి, నీకెట్ల ఎర్కగాలే?” చదువురాని చెల్లెలికి నలుబది ఏండ్లుగా జాబులు చదివి వినిపించిన నాకు, నా ఎదుట పత్రిక తిప్పుతున్న మనిషి కనబడలేదు. నా గౌరవం కనబడింది. ఆమె ఆనాటి నుండి నాకు వేళకు వడ్డిస్తున్నది. మాట మాత్రం లెక్కబెట్టి ఆడుతున్నది.

నీ పుస్తకం తెప్పించాను. దినానికి ఒక కథ చొప్పున ఆమెకు పదకొండూ చదివాను. ఎర్ర కలం దగ్గర ఉంచుకోలేదు. జ్వరం కథలో నేను ‘అందంగా’ సరిచేశానని నీవు మురిసిపోయిన వాక్యాన్ని అచ్చులో మళ్ళీ నీదిగా మార్చుకొన్నావు. నీదే బాగున్నది.

తలదించుకోకుండా పలికే మాట ఉందా అని అడిగావు. అది తెలిసినవాణ్ణి నేనని నమ్మి అడిగావు. నిఘంటువులు నాలుగు వెదికాను. వాటిలో ఉన్నవన్నీ తల దించేవే. పదకొండవ కథ అయిన తరువాత మీ అమ్మ అన్నది, “మనోళ్ళిద్దరు మంచిగనే ఉన్నరన్నట్టు.” ఆమె ఏ పుస్తకమూ తెరవలేదు. నాకు అంతకంటె మంచి మాట దొరకలేదు.

క్షమించమని అడగను. అడిగితే నీవు జవాబు వ్రాయవలసి వస్తుంది. ఆ భారం కూడ నీమీద పెట్టను. అయితే నేను ఇచ్చిన మాట ఒకటి మిగిలి ఉన్నది. అది నీకు ఇచ్చినది కాదు.

శ్రీ రామ్‌కిషన్ గారికి. 1979లో మీ ఉచ్చారణపై అభిప్రాయం వ్రాస్తానన్నాను. ఇప్పుడు వ్రాస్తున్నాను. మీ పాటలో దోషం కోసం ఆనాడు రెండు గంటలు చెవి ఒగ్గి కూర్చున్నాను. ఒక్కటీ దొరకలేదు. ‘నీ దిక్కె తిరిగె’ అన్న చోట మీరు ఒక్క క్షణం ఆగి, పక్కన తెర వెనుక నిలబడ్డ మదన్‌మోహన్ వైపు చూచారు. అక్కడ కాగితం మీద విరామం లేదు. అది మీరు పెట్టినది. ఆనాడు దాన్ని దోషమనుకొని గుర్తు పెట్టుకొన్నాను. అది పాటలోకెల్లా మంచి చోటు. అక్షరం చూడకుండా అంత శుద్ధంగా పలకటం నాకు ఈ జన్మలో చేతకాదు. మీరు తిన్న రొట్టె మా చెల్లెలిది. నేను దాన్ని ఎత్తిపొడవటానికి వాడుకొన్నాను. ఆమె పొయ్యి దగ్గర మీ పీట అట్లాగే ఉన్నది.

మదన్‌మోహన్, రామ్‌కిషన్ ఈ అక్షరాలు చదవలేడు. ఒకప్పుడు నేను పెదవి కదపకుండా చదివి చించివేయమన్నాను. ఈ జాబును అట్లా చేయకు. ఆయన్ని ఎదురుగా కూర్చోబెట్టుకొని, తంతి ఆఫీసు సంగతి విడువకుండా, నా పాత జాబును కూడ విడువకుండా, గొంతు ఆగిన చోట ఆగి, మళ్ళీ మొదలుపెట్టి, చివరిదాకా గట్టిగా చదివి వినిపించు.